మూడు వేళ్ళు కిందికి

ఆవిడకి జలుబు లేదు. ఏడాదికి ఒకటో రెండో సార్లు అందరికీ వచ్చేదే ఆవిడకీ వచ్చేది, అంతే. అయినా తెలిసినవాళ్ళంతా ఆవిణ్ని జలుబమ్మ అనే పిలిచారు. గొంతు అలాంటిది మరి. ఫోనెత్తి "హలో" అంటే చాలు, అవతలివాళ్ళు వేణ్ణీళ్ళ ఆవిరి పట్టమని సలహా ఇచ్చేవారు. "పుట్టినప్పుడు పట్టుకుందండీ, ఇంకా వదల్లేదు" అని జవాబిచ్చి అసలు విషయంలోకి వెళ్ళేది.

పోయిన నెల ఆవిడ పోయింది. పత్రికలో నాలుగు లైన్లు వేశారు. పెద్ద హోటల్ టీ హాల్లో ముప్ఫై తొమ్మిదేళ్ళు జాజ్ పాటలు పాడిందని రాశారు, అది నిజమే. "మొదటిరోజు నుంచి చివరిరోజు దాకా ఒకే శ్రుతిలో పాడిన గాయని" అని కూడా రాశారు. ఆ ముక్క చదవగానే నాకు ఒళ్ళు మండింది. నేను పియానోలు శ్రుతి చేసి బతికేదాన్ని. శ్రుతి గురించి అబద్ధం రాస్తే చూస్తూ ఊరుకోలేను. పైగా ఈ అబద్ధం ఒకప్పుడు నా చేతుల మీదుగానే బయటపడింది. అందుకని ఉన్నది ఉన్నట్టు రాస్తున్నాను.

రక్తసంబంధం చూసుకుంటే ఆవిడ మాకేమీ కాదు. మా నాన్న ఆ టీ హాల్లో పియానో వాయించేవాడు. ఆయన్ని ఆవిడ అన్నయ్యా అనేది, అందుకని నాకు అత్తయ్య. మా అమ్మ నా చిన్నప్పుడే పోయింది. నాకు జడలు వెయ్యడం దగ్గర్నుంచి జ్వరమొస్తే పక్కన కూర్చోవడం దాకా అన్నీ అత్తయ్యే చేసింది. జడలు మాత్రం ఏనాడూ తిన్నగా వెయ్యలేదు.

ఆవిడ పెరిగింది ఒక రకంగా ఆ హోటల్ నేలమాళిగలోనే. వాళ్ళమ్మ అక్కడ లాండ్రీలో పనిచేసేది. పద్నాలుగేళ్ళు వచ్చేసరికి ఈవిడా చేరింది. రోజుకి రెండొందల దుప్పట్లు ఇస్త్రీ చెయ్యాలి. పై అంతస్తుల్లో మాసిన గుడ్డలు ఒక వెడల్పాటి రేకు గొట్టంలో వేస్తే జారి నేలమాళిగలోని గంపలో పడేవి. టీ హాల్ వేదిక పక్కన కూడా ఆ గొట్టానికి ఒక మూత ఉండేది, బల్లల మీది గుడ్డలు వెయ్యడానికి. ఆ మూత ఎప్పుడూ సరిగ్గా పడేది కాదు. దాంతో పైన వాయించేదంతా కింద ఆవిరిలో పనిచేసుకుంటున్న ఆడవాళ్ళకి వినపడేది. అత్తయ్య సంగీతం నేర్చుకున్న బడి అదే. ఫీజు లేదు, బెత్తం లేదు.

మా నాన్న అప్పటికి ఇరవై నాలుగేళ్ళవాడు, కొత్తగా చేరాడు. పొద్దున పూట హాలు ఖాళీగా ఉన్నప్పుడు సాధన చేసుకునేవాడు. ఒకరోజు పాట సగంలో ఉండగా గొట్టంలోంచి ఒక గొంతు వినిపించింది. పాట అదే, కానీ ప్రతి మాటా పడాల్సిన చోటు కంటే కాస్త ఆలస్యంగా పడుతోంది. గొట్టం పొడవు వల్ల ఆలస్యమవుతోందేమో అనుకున్నాడట, పిచ్చి మొహం. రెండోసారి వాయించి చూశాడు. అప్పుడర్థమైంది, అది కావాలని చేస్తున్న ఆలస్యం. తాళాన్ని ముందు నడవనిచ్చి, తను వెనకాల తీరిగ్గా వస్తోంది. జాజ్ పాడేవాళ్ళకి అది రావడానికి ఏళ్ళు పడుతుంది. నాన్న లేచి వెళ్ళి మూత ఎత్తి గొట్టంలోకి అరిచాడు.

"కింద ఎవరు?"

"ఎవరూ లేరండీ!" అంది జలుబు గొంతు.

అలా మొదలైంది. అప్పట్లో ఆ హాల్లో పాడే ఆవిడ ఒకరుండేవారు. పేరున్న మనిషి, ఇరవై ఏళ్ళుగా అక్కడే పాడుతోంది. నాన్న ఆవిణ్ని పెద్దావిడ అనేవాడు. పెద్దావిడ గొంతు అప్పటికే దిగిపోయింది. ఆ సంగతి హాల్లో అందరికీ తెలుసు, ఆవిడకి తప్ప. ఒక సాయంత్రం పై స్వరం అందుకోబోయి గొంతు పగిలింది. ముందు బల్ల దగ్గర కూర్చున్న ఒకాయన అదే పగిలిన స్వరాన్ని ముక్కుతో అనుకరించి చూపించాడు. ఆ బల్లంతా నవ్వింది, తర్వాత పక్క బల్ల నవ్వింది. పెద్దావిడ పాట ఆపలేదు, చివరిదాకా పాడి, తలవంచి నమస్కరించి వెళ్ళింది. ఉతికిన బల్లగుడ్డలు మోసుకుని తలుపు దగ్గరికొచ్చిన అత్తయ్య ఇదంతా చూసింది. ఆ నవ్వు ఆవిడ జన్మలో మర్చిపోలేదు.

మరుసటి వారం మేనేజరు పెద్దావిణ్ని రావద్దన్నాడు. నాన్న లాండ్రీ పిల్ల సంగతి చెప్పాడు. మేనేజరు ఆ పిల్ల చేత రెండు చరణాలు పాడించుకుని, "బాగానే ఉంది, జలుబు తగ్గాక రమ్మను" అన్నాడు. జలుబు తగ్గే రకం కాదని నచ్చజెప్పడానికి నాన్నకి పావుగంట పట్టింది. పేరు మాత్రం అక్కడే స్థిరపడిపోయింది.

మొదటిరోజు వేదిక ఎక్కబోయే ముందు అత్తయ్య పియానో మూత మీద చెయ్యి పెట్టి అడిగింది.

"అన్నయ్యా, నాకు ఒక్క ఒట్టు వెయ్యి."

"ఇప్పుడా? నాలుగైపోయింది."

"ఇప్పుడే. నా గొంతు దిగిన రోజు నాకు నువ్వే చెప్పాలి. మొహమాటపడకూడదు. ఆ రోజే ఆపేస్తాను. వాళ్ళు నవ్వాక తెలియడం నాకొద్దు."

నాన్న ఆవిడ చేతి పక్కన తన చెయ్యి పెట్టి ఒట్టు వేశాడు. ఇరవై ఒక్క ఏళ్ళ పిల్ల గొంతు దిగడమేమిటని లోపల నవ్వుకున్నానని తర్వాత నాతో చెప్పాడు.

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. పాట మొదలుపెట్టే ముందు, ఏ శ్రుతిలో వాయించాలో పాడేవాళ్ళు వాయించేవాళ్ళకి చెప్పాలి కదా. హాలు నిండా జనం ఉండగా అరిచి చెప్పలేరు. అందుకని మా వాళ్ళు వేళ్ళతో చెప్పుకుంటారు. ఇన్ని వేళ్ళు పైకి చూపిస్తే ఒక శ్రుతి, ఇన్ని కిందికి చూపిస్తే ఇంకొకటి, పిడికిలి బిగిస్తే మరొకటి. వేళ్ళు శ్రుతికి పేరు మాత్రమే, ఎన్ని మెట్లు దిగాలో చెప్పే లెక్క కాదు. అత్తయ్యకి స్వరాలు రాసుకోవడం రాదు, చదవడం రాదు. నాన్న వెతికి పెట్టిన శ్రుతి ఒకటి మాత్రం తెలుసు, మూడు వేళ్ళు కిందికి. జనం వైపు మొహం పెట్టి నిలబడి, ఎడం చెయ్యి నడుం వెనక్కి పెట్టి, మూడు వేళ్ళు నేల వైపు చూపించేది. జనానికి కనిపించేది కాదు, నాన్నకి కనిపించేది. నాన్న స్టూలు పక్కన నేల మీద కూర్చుని లెక్కలు చేసుకునే నాకు కనిపించేది. బొటనవేలి దగ్గర పాత ఇస్త్రీపెట్టె మచ్చ ఉన్న ఆ చెయ్యి, ఆవిడ మొహం కంటే నాకు బాగా గుర్తు.

సోమవారం తప్ప రోజూ నాలుగు నుంచి ఏడు దాకా పాడేది. మధ్యలో ఒక డ్రమ్ములవాణ్ని పెళ్ళి చేసుకుంది. ఏడాదిన్నర తర్వాత అతను మరో బృందంతో వెళ్ళి తిరిగి రాలేదు. "తాళం బాగా వేసేవాడు, తలుపుకి కూడా వేసుకుని పోయాడు" అని నవ్వేసేది, కానీ ఆ ఏడాదంతా విషాదం పాటలు పాడటం మానేసింది. అడిగితే, నిజంగా ఏడుపొస్తే పాట చెడిపోతుందంది. వేరే ఊళ్ళో ఇంకా పెద్ద హోటల్ వాళ్ళు పిలిస్తే మూడు నెలలు వెళ్ళి వచ్చింది. అక్కడి పియానో ఆయన బస్సు టిక్కెట్లు చింపినట్టు వాయిస్తాడని ఆవిడ ఫిర్యాదు. ఒక్క రికార్డు చేసింది, అటొక పాట ఇటొక పాట. దాన్ని నాన్న చేతిలో పెట్టి, "నా గొంతు నేనే వినడం సిగ్గుగా ఉంది, నువ్వే దాచు" అంది.

ఆ రికార్డులో రెండో వైపున ఉన్న పాటే అందరూ అడిగేవారు. వానలో ఇంటికొచ్చిన మనిషి వెళ్తానంటాడు. ఆమె ఇంకా వాన తగ్గలేదు కదా అంటుంది. పాటంతా అంతే. నడిమి భాగంలో "ఉండు" అన్న ఒక్క మాట పైకి వెళ్ళి, అక్కడే కాసేపు నిలబడుతుంది. ఆ మాట దగ్గర హాల్లో చెంచాలు ఆగేవి. ముప్ఫై ఏళ్ళ పాటు రోజూ పాడినా రోజూ వేరేగానే అనేది. ఒకరోజు బతిమాలుతున్నట్టు, ఒకరోజు విసుక్కుంటున్నట్టు, ఒకరోజు వెళ్తే వెళ్ళు నాకేం అన్నట్టు.

ఇప్పుడు చెప్పబోయేది నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. అయినా దాని చోటు ఇక్కడే. అత్తయ్యకి నలభై ఎనిమిదేళ్ళప్పుడు ఒక చలికాలంలో ఆ "ఉండు" అన్న మాట అంచు అరిగినట్టు వినిపించింది నాన్నకి. వారం రోజులు విన్నాడు. అనుమానం లేదు, గొంతు దిగుతోంది. వేసిన ఒట్టు గుర్తుంది. ఆ రోజు చెబుదామని వెళ్ళాడు. అత్తయ్య వీపు తిప్పి నిలబడి మూడు వేళ్ళు కిందికి చూపించింది. నాన్న చెప్పలేదు. పియానో మీద ఒక్క మెట్టు దిగి వాయించాడు.

ఆవిడ తేలిగ్గా అందుకుంది. ఆ మాట మళ్ళీ నిండుగా పలికింది. "ఇవాళ గొంతు భలే ఉంది కదూ అన్నయ్యా" అంది ఏడింటికి. నాన్న అవునన్నాడు.

నాలుగేళ్ళకి ఇంకో మెట్టు. ఇంకో నాలుగేళ్ళకి మూడోది. చూపించేది మూడు వేళ్ళు, వాయించేది దానికి మూడు మెట్లు కిందుండే పిడికిలి శ్రుతి. ఈ సంగతి తెలిసినవాడు ఇంకొక్కడే, మనిషి కంటే ఎత్తుగా ఉండే బేస్ ఫిడేలు వాయించే ఆయన. రోజుకి పది మాటలకి మించి మాట్లాడడు కాబట్టి మేము ఆయన్ని మౌనం మావయ్య అనేవాళ్ళం. నాన్న దిగితే ఆయనా దిగేవాడు, అడిగిందీ లేదు, అన్నదీ లేదు. పన్నెండేళ్ళలో నాన్న ఒక్కరోజు సెలవు పెట్టలేదు. జ్వరంతో కూడా వెళ్ళేవాడు. పనంటే అంత ప్రాణమని మేమంతా మెచ్చుకున్నాం. నేనప్పటికి పియానోల పనిలో తిరుగుతూ, పాట వేళకి హాల్లో ఉండేదాన్ని కాదు. ఆ రికార్డు ఏదని నేను ఒకసారి అడిగితే గీతలు పడి పాడైందన్నాడు. కొత్తగా పాడటానికొచ్చిన పిల్లలతో అత్తయ్య గొప్పగా, "మొదటిరోజు ఏ శ్రుతో ఇవాళా అదే, కావాలంటే అన్నయ్యని అడగండి" అంటుంటే, ఆయన టీ కప్పులోకి చూస్తూ తలూపేవాడు.

పన్నెండో ఏడు, ఒక గురువారం పొద్దున నాన్న బస్సు మెట్టు మీంచి జారి కుడి మణికట్టు విరగ్గొట్టుకున్నాడు. ఆసుపత్రి వరండాలో, నొప్పి మందు మత్తులో ఉండి, నాతో అన్నాడు. "నాలుగింటికి నువ్వెళ్ళు. అత్త వేళ్ళు చూపిస్తుంది. చూసి వాయించు, అంతే."

అంతే అన్నాడు. ఎందుకలా అన్నావని తర్వాత ఎన్నిసార్లు అడిగానో లెక్కలేదు. నిజంగానే గుర్తురాలేదట. పన్నెండేళ్ళుగా చేస్తున్న పని చేతికి అలవాటైపోయింది, చెప్పాలన్న సంగతే తట్టలేదు.

నేను వెళ్ళాను. నాకు వాయించడం నాన్న నేర్పిందే, ఆయన నేర్పిన మొదటి పాఠం కూడా అదే, వేళ్ళు ఏం చెబితే అది వాయించు. అత్తయ్య నన్ను చూసి మురిసిపోయి, "మా కోడలు వాయిస్తుందివాళ" అని ముందు బల్లల వాళ్ళకి చెప్పింది. వెనక్కి చెయ్యి పెట్టి మూడు వేళ్ళు కిందికి చూపించింది. నేను మూడు వేళ్ళ శ్రుతి ఎత్తుకున్నాను. పక్కన మౌనం మావయ్య వేరే ఎక్కడో కింద మొదలుపెట్టాడు. నా చెవులు గింగురుమన్నాయి. శ్రుతి కలవకపోతే నేను మనిషిని కాను. పెద్దాయనకి చెవి పోయింది పాపం అనుకుని, కళ్ళు పెద్దవి చేసి, మూడు వేళ్ళు ఆయన మొహం ముందు ఆడించాను. ఆయన నా వైపు అదోలా చూశాడు. నాన్న నాకు చెప్పి పంపాడనుకున్నాడు ఆయన. చెప్పలేదని అప్పుడే అర్థమై ఉండాలి. కానీ తాళం నడుస్తోంది, ఆపి మాట్లాడే వీల్లేదు. తల వంచుకుని నా శ్రుతిలోకి వచ్చేశాడు. నేనే గెలిచాననుకున్నాను.

మొదటి చరణం ఎలాగో గడిచింది. ఆవిడ భుజాలు బిగుసుకోవడం వెనక నుంచి చూశాను, చూసి కూడా పట్టించుకోలేదు. నడిమి భాగం వచ్చింది. "ఉండు" అనబోయింది. మాట పైకి వెళ్ళి, సగంలో పగిలి, గాలి మాత్రం మిగిలింది. ఎవరూ నవ్వలేదు. నవ్వినా బాగుండేదేమో. ఒకావిడ చేతిలో చెంచా సాసర్లో పడింది, ఆ చప్పుడే హాలంతా వినిపించింది. అత్తయ్య పాట ఆపలేదు. పెద్దావిడలాగే చివరిదాకా పాడింది, తలవంచి నమస్కరించింది.

వేదిక వెనక చిన్న గది ఉంది, కుర్చీలు పేర్చి పెట్టే గది. అక్కడ నిలబడి ముందు నన్నడిగింది.

"మీ నాన్న ఏ శ్రుతిలో వాయిస్తాడే?"

"అదే అత్తయ్యా. నువ్వు చూపించిందే. నేనూ అదే వాయించాను" అన్నాను. నా గొంతులో కాస్త పొగరు కూడా ఉంది, అది తల్చుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

ఆవిడ మౌనం మావయ్య వైపు తిరిగింది. తన చెయ్యి ఎత్తి మూడు వేళ్ళు కిందికి పెట్టి, "ఇదేనా?" అంది. ఆయన ముందుకొచ్చి, ఆవిడ మూడు వేళ్ళనీ తన చేత్తో ఒక్కొక్కటే మడిచి పిడికిలి చేశాడు.

"ఎప్పట్నుంచి?"

"మూడు మెట్లు, పన్నెండేళ్ళు" అన్నాడు.

అత్తయ్య తన పిడికిలిని అలాగే చూసుకుంది. చేతిసంచి తీసుకుని వంటగది దారిన బయటికి వెళ్ళిపోయింది. మళ్ళీ ఆ హాల్లో అడుగుపెట్టలేదు. అరవయ్యేళ్ళు ఆవిడకి.

పది రోజుల తర్వాత నాన్న చేతికి కట్టుతో ఆవిడ ఇంటికి వెళ్ళాడు, నేనూ వెంట వెళ్ళాను. తలుపు తీసింది గానీ లోపలికి రమ్మనలేదు.

"నీ దగ్గర ముప్ఫై తొమ్మిదేళ్ళలో నేనడిగింది ఒక్కటే అన్నయ్యా" అంది.

"అవును."

"వాళ్ళు నవ్వాక తెలియకూడదనేగా నిన్నడిగాను? నువ్వూ ఆ బేస్ ఆయనా రోజూ లోపల నవ్వుకున్నారా?"

"ఒక్కరోజు కూడా నవ్వలేదు చెల్లీ." నాన్న గోడ పట్టుకున్నాడు. "నీ మీద జాలితో కూడా కాదు. నా కోసం చేశాను. నువ్వు ఆపేస్తే నేను ఎవరికి వాయించను? అదొక్కటే భయం నాకు."

అత్తయ్య కళ్ళు నిండాయి. "ఆ ముక్క అప్పుడే చెప్పి ఉంటే ఇద్దరం కూర్చుని ఏడ్చేవాళ్ళం. ఇప్పుడు నేనొక్కదాన్నే ఏడవాలి" అని తలుపు వేసేసింది.

ఆ తర్వాత మూడేళ్ళు ఆవిడ నాన్నతో మాట్లాడలేదు. బతకాలి కాబట్టి బజారు వీధిలో ఒక చిన్న లాండ్రీలో ఇస్త్రీ పనికి చేరింది. నేను సోమవారాలు బ్రెడ్డు పట్టుకుని వెళ్ళేదాన్ని. నన్ను ఒక్క మాట అనలేదు. "నీకు మూడు వేళ్ళు చూపించాను, మూడు వేళ్ళే వాయించావు. మీ నాన్న కంటే నువ్వే నయం" అనేది. తిట్టినా ఇంత బాధపడేదాన్ని కాదు. పని చేస్తూ కూనిరాగం కూడా తీసేది కాదు. గొట్టంలోంచి పాడిన మనిషి, ఇస్త్రీబల్ల ముందు పెదవులు బిగించి నిలబడేది. నాన్న మణికట్టు సరిగ్గా అతుక్కోలేదు. ఆయనా ఇంట్లో పియానో మూత ఎత్తడం మానేశాడు. నేను ఊళ్ళో అందరి పియానోలూ శ్రుతి చేస్తూ, మా ఇంట్లోదాన్ని దుమ్ము పట్టనిచ్చాను.

మూడో ఏడు నాన్న ఊపిరితిత్తులు చెడ్డాయి. ఇక చేసేదేమీ లేదు, ఇంటికి తీసుకెళ్ళమన్నారు డాక్టర్లు. ముందు గదిలో పియానో పక్కనే మంచం వేశాను. నాన్న అత్తయ్య పేరెత్తలేదు. తలుపు చప్పుడైనప్పుడల్లా మాత్రం అటు చూసేవాడు. పాలవాణ్ని చూసి మొహం తిప్పుకునేవాడు.

నాకు కోపం ఆగదు. ఒకరోజు లాండ్రీకి వెళ్ళి, బేరగాళ్ళ ముందే అరిచాను.

"ఆయన నీకు అబద్ధం ఆడాడు, సరే, తప్పే. ఒట్టు తప్పాడు. నువ్వు మాత్రం నిజం చెప్పు అత్తయ్యా. ఆ పన్నెండేళ్ళూ నువ్వు హాయిగా పాడావా, లేదా?"

ఆవిడ తలెత్తలేదు. చొక్కా కాలరు మీద ఇస్త్రీపెట్టె కదపడం మర్చిపోయింది. గుడ్డ మాడిన వాసన వచ్చింది. ఆవిడ చేతిలో గుడ్డ మాడటం నేను చూడటం అదే మొదలు. "పని పాడుచేశావు, పో" అంది. ఇక రాదనుకుని ఇంటికొచ్చేశాను.

రెండు రోజుల తర్వాత, పొద్దున పదింటికి, తలుపు చప్పుడైంది. నాన్న అటు చూశాడు. ఈసారి మొహం తిప్పుకోలేదు.

అత్తయ్య లోపలికొచ్చి చేతిసంచి కుర్చీలో పెట్టింది. నాన్నని పలకరించలేదు. పియానో మూత మీద దుమ్ము చూసి నన్ను చూసింది, ఆ చూపుకి నేను చీపురు పట్టిన పదేళ్ళ పిల్లనైపోయాను. కొంగుతో దుమ్ము తనే తుడిచింది.

"కూర్చో" అంది నాతో. చెయ్యి నడుం వెనక్కి పెట్టలేదు. ముందుకే చాచి, నాకూ నాన్నకీ కనిపించేలా, పిడికిలి బిగించింది.

నేను పిడికిలి శ్రుతి వాయించాను. మూడేళ్ళు శ్రుతి చెయ్యని పియానో, ఒకటి రెండు మెట్లు కిర్రుమన్నాయి, నాకు చచ్చేంత సిగ్గేసింది. ఆవిడ అలాగే అందుకుంది. అదే పాట. అదే ఆలస్యం, తాళం ముందు వెళ్తుంటే తీరిగ్గా వెనకాల రావడం. దుప్పటి మీద నాన్న ఎడం చేతి వేళ్ళు కదలడం మొదలుపెట్టాయి. నడిమి భాగం వచ్చింది. "ఉండు" అంది. మాట పైకి వెళ్ళి, పగిలింది.

మూడేళ్ళు వాడని గొంతు, అరవై మూడేళ్ళ వయసు. పిడికిలి శ్రుతి కూడా అందలేదు. నా చేతులు ఆగిపోయాయి. ఒక పని చెయ్యవచ్చు, అది నాకు తెలుసు. మళ్ళీ మొదలుపెట్టి, చెప్పకుండా రెండు మెట్లు దిగితే చాలు, ఆవిడకి తెలియదు. నాన్న చేసింది ఎంత తేలికో అప్పుడర్థమైంది. ఆయన మీద మూడేళ్ళుగా మోస్తున్న కోపం ఆ క్షణంలో పోయింది.

నేను మెట్ల మీద చేతులు పెట్టబోతుంటే మంచం మీద నాన్న దగ్గాడు. విరిగి వంకరగా అతుక్కున్న కుడిచెయ్యి దుప్పట్లోంచి బయటికి తీసి పైకెత్తాడు. రెండు వేళ్ళు చాచి కిందికి చూపించాడు, పిడికిలికి ఇంకో రెండు మెట్లు కిందుండే శ్రుతి. నాకు కాదు, అత్తయ్యకి.

ఆవిడ ఆ వేళ్ళని చూసింది.

"దిగిందా?" అంది.

"దిగింది చెల్లీ" అన్నాడు నాన్న. మాట రావడానికి ఊపిరి చాలలేదు, మళ్ళీ పీల్చుకుని చెప్పాడు. "నీ గొంతు దిగింది. నీకు చెబుతానని ఒట్టు వేశాను. చెబుతున్నాను."

ఆవిడ కుర్చీలో ఉన్న చేతిసంచి వైపు చూసింది, నేనూ చూశాను. చెప్పిన రోజే ఆపేస్తానన్న మనిషి.

ఆవిడ సంచి తీసుకుని, కుర్చీని మంచం దగ్గరికి లాక్కుని, సంచి ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ముప్ఫై తొమ్మిదేళ్ళు నాన్నకి వీపు చూపించి పాడిన మనిషి, మొదటిసారి ఆయన వైపు మొహం పెట్టి కూర్చుంది.

"విన్నావుగా" అంది నాతో, వెనక్కి తిరగకుండానే. "రెండు వేళ్ళు కిందికి. మొదట్నుంచీ కానియ్."

ఆ పత్రిక వాళ్ళకి చెబుతున్నాను, ఆవిడ ఒకే శ్రుతిలో పాడలేదు. నాన్న ఆ తర్వాత తొమ్మిది రోజులున్నాడు, తొమ్మిది పొద్దులూ వచ్చి, ఆయన వేళ్ళు చూసి పాడింది. ఇంకో ఆరేళ్ళు లాండ్రీలో, మా ముందు గదిలో, పిలిచిన ప్రతి చోటా పాడింది. మొదలుపెట్టే ముందు నా వైపు తిరిగి, "ఇవాళ ఎంతే?" అని అడిగేది. నేను చూపించేదాన్ని. దిగిన ప్రతిసారీ దిగిందని చెప్పాను, ఆవిడ ప్రతిసారీ "సరే" అంది. నాన్న చెప్పిన ఆ రోజు మాత్రం, రెండు వేళ్ళ శ్రుతిలో, "ఉండు" అన్న మాట అందింది. నాన్న చెయ్యి దించలేదు. ఆయన చెయ్యి నొప్పి పుడుతుందని అత్తయ్య దాని కింద తన చెయ్యి ఆనించి పట్టుకుని, పాట చివరిదాకా అలాగే పాడింది.